తమ్ముడి సంపాదనకు కాగితం లేదు, మేస్త్రీతో 35 వేలకు సర్టిఫికెట్ రాయించడం తప్పా?

తెనాలి అక్క:
మా తమ్ముడికి 32 ఏళ్లు, టైల్స్ పని. పోయిన ఏడాది బైకు మీద వస్తుంటే మంగళగిరి దగ్గర వెనక నుంచి కారు గుద్దింది. మోకాలి దగ్గర ప్లేటు వేశారు, ఏడు నెలలు మంచం మీదే. ఇప్పుడు నడుస్తున్నాడు కానీ గొంతుక్కూర్చోలేడు, టైల్స్ పనంతా కింద కూర్చునే కదా. నెలకు 18 వేల దాకా తెచ్చేవాడు, అంతా చేతికే. నష్టపరిహారం కోసం కేసు వేశాం, సాక్ష్యం ఇంకా మొదలవలేదు. లాయరు దగ్గర ఉండే అబ్బాయి నెలకు 35 వేలని మేస్త్రీతో రాయించమంటున్నాడు, అందరూ చేసేదేనట. మనసొప్పట్లేదు. రాయించకపోతే ఏమీ రాదేమోనని టెన్షన్.

బెజవాడ ఆటో:
రాయించండమ్మా. నాకు చెయ్యి విరిగినప్పుడు రోజుకు 700 అని ఉన్నది ఉన్నట్టు చెప్పాను, కాగితం లేదని నెలకు 6 వేలే లెక్క కట్టారు. ఎలాగూ కోస్తారు, 35 అంటే 15 అయినా నిలబడుతుంది.

గుంటూరు జూనియర్ లాయరు:
అన్నా, మీకు జరిగింది అన్యాయమే. కానీ కాగితం లేకపోతే ఏమీ రాదన్నది నిజం కాదు. కాలు పోయిన ఒక కూరగాయల వ్యాపారి దగ్గర ఏ పత్రమూ లేకపోయినా 2014లో సుప్రీంకోర్టు నెలకు 6,500 తీసుకుంది, హైకోర్టు 3,500 దగ్గరే ఆగిపోయిన కేసు అది. కనీస వేతనం ఒక కొలత మాత్రమే, అదే ఆఖరి మాట కాదని 2021లో మళ్లీ చెప్పింది. ఆ 35 వేల కాగితం పెడితే మేస్త్రీ బోనెక్కాలి. బీమా కంపెనీ లాయరు లెక్కల పుస్తకం తెమ్మంటాడు, ఎంతమందికి ఇలా ఇస్తున్నావంటాడు. అక్కడ తడబడితే మోకాలి సంగతి కూడా నమ్మరు.

బెజవాడ ఆటో:
మరి నిజం చెప్పి తక్కువ తీసుకోవాలా?

గుంటూరు జూనియర్ లాయరు:
తక్కువ ఎందుకవుతుంది, లెక్క చూడండి. ఏడాది సంపాదనను వయసును బట్టి ఒక గుణకంతో హెచ్చిస్తారు, 32 ఏళ్లకు అది 16, సొంత పని చేసుకునే 40 లోపు వాళ్లకు భవిష్యత్తు పెరుగుదల కింద 40 శాతం కలుపుతారు. 35 వేలే నమ్మారనుకుందాం, వైకల్యం 20 శాతమే అంటే వచ్చేది 18,81,600. అదే నిజమైన 18 వేలతో, అతని పనికి కలిగిన నష్టం 50 శాతమని రుజువైతే 24,19,200. డాక్టరు సర్టిఫికెట్‌లో కాలికి రాసే శాతం వేరు, ఆ మనిషి సంపాదనకు తగిలిన దెబ్బ వేరు అని 2010లోనే సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. గుమాస్తాకు మోకాలు వంగకపోయినా జీతం వస్తుంది, టైల్స్ పనివాడికి ఏమొస్తుంది? పోట్లాడాల్సింది అక్కడ. మంచం మీద ఉన్న ఏడు నెలల కూలీ దీనికి అదనం, అది విడిగా అడగాలి.

నల్గొండ రమణి:
చెప్పడం తేలిక సార్. మా నాన్న కేసులో ఆపరేషన్ చేసిన డాక్టరు మూడు వాయిదాలకు రాలేదు, చివరికి శాతం సగానికి తగ్గించారు. పేదవాళ్లు అబద్ధం వైపు వెళ్లేది ఆశతో కాదు, నిజాన్ని నిలబెట్టే ఓపిక, డబ్బు లేక.

గుంటూరు జూనియర్ లాయరు:
ఒప్పుకుంటానమ్మా, ఇది నిజంగా పెద్ద బాధ. డాక్టరు రాలేనంటే కమిషన్ వేయించి, అంటే కోర్టు తరఫున ఒకరిని పంపించి, ఆస్పత్రిలోనే సాక్ష్యం తీసుకోమని అడగొచ్చు, మీ లాయరు గట్టిగా పట్టుబట్టాలి. తెనాలి అక్కా, మేస్త్రీ దగ్గర హాజరు పుస్తకం ఉందా? ఫోన్‌పేలో ఎప్పుడైనా కూలీ వేశాడా? ఈ-శ్రమ్ కార్డు, భవన కార్మికుల కార్డు, ఎఫ్‌ఐఆర్‌లో వృత్తి ఏమని రాశారు, ఇవన్నీ చూడండి. పక్కన పనిచేసిన మనిషి ఒకరు వచ్చి రోజు కూలీ ఇంత అని చెప్పినా బలమే. ఇంకోటి, పిటిషన్‌లో అడిగిన మొత్తం కన్నా న్యాయంగా ఎక్కువ రావాల్సి ఉంటే ట్రిబ్యునల్ (ఈ ప్రమాద పరిహారం కేసులు చూసే కోర్టు) ఇవ్వొచ్చని 2002 నాటి సుప్రీంకోర్టు తీర్పు ఉంది, అందుకని భయపడి పెంచి చూపించక్కర్లేదు.

బెజవాడ ఆటో:
నాకు ఎఫ్‌ఐఆర్‌లో నిరుద్యోగి అని రాశారు. అది నేను చదవనే లేదు.

తెనాలి అక్క:
ఎఫ్‌ఐఆర్ ఇప్పుడే తీసి చూశాను, టైల్స్ కూలీ అనే ఉంది. మేస్త్రీకి ఫోన్ చేశాను. పాత నోటుబుక్కు ఉందట, రోజుకు 750 చొప్పున రాసి ఉందట, కోర్టుకు వస్తానన్నాడు. అడిగితే 35 కూడా రాసిచ్చేవాణ్ణే అన్నాడు, వద్దన్నాను. రేపు పొద్దున్నే వెళ్లి ఆ పుస్తకం తెచ్చుకుంటాను.