గూటి అంచున గుడ్డు: డాన్ మెర్టన్ చేసింది పొరపాటేనా?

పాలపిట్ట:
న్యూజీలాండ్‌కి చెందిన చాతం దీవుల్లో బ్లాక్ రాబిన్ అనే చిన్న పక్షిని బతికించింది అక్కడి పక్షి సంరక్షకుడు డాన్ మెర్టనే, అందులో పేచీ లేదు. (మన నల్లంచికి, అంటే ఇండియన్ రాబిన్‌కి, దీనితో దగ్గరి చుట్టరికం లేదు, పేరులోనే రాబిన్.) 1980లో మిగిలినవి ఐదంటే ఐదు. గుడ్లు పెట్టే జంట ఒక్కటే: ఓల్డ్ బ్లూ, ఓల్డ్ ఎల్లో. ఇవాళున్నవన్నీ వాటి సంతతే. పేచీ అల్లా అంచు గుడ్ల దగ్గర. కొన్ని ఆడపక్షులు గుడ్డును గూటి గుంటలో కాక అంచు మీద పెట్టేవి. అక్కడుంటే తల్లి పొదగలేదు, గుడ్డు పాడైపోతుంది. మెర్టన్ బృందం వాటిని లోపలికి నెట్టేది. 1984లో మొదట కనబడ్డ ఈ అలవాటు 1989కల్లా సగానికి పైగా ఆడపక్షుల్లో ఉందని 2013లో ఒక పరిశోధన తేల్చింది. లోపాన్ని చేజేతులా పెంచినట్టే కదా?

కోస్తాగాలి:
ఐదు పక్షులకు పడిపోయిన జాతిలో ఒక్క గుడ్డు పోతే ఎంత నష్టమో లెక్కేయండి. ఈ పక్షి ఈతకు పెట్టేది మామూలుగా రెండు గుడ్లు. అందుకే మొదటి ఈత గుడ్లు తీసేసి వేరే పక్షి గూట్లో పెట్టేవారు, రాబిన్ మళ్ళీ పెట్టేది. ముందు వార్బ్లర్ గూళ్ళు వాడారు. పిల్లలకు పది రోజులు వచ్చేసరికి వాటికి చాలినంత మేత అది తేలేకపోయింది. తర్వాత టామ్‌టిట్ అనే మరో పక్షి గూళ్ళకు మార్చారు. మేత సరిపోయింది గానీ పిల్లలు టామ్‌టిట్ పాట నేర్చి, టామ్‌టిట్‌నే జతగా చూడసాగాయి. ఎగిరేలోపే తిరిగి రాబిన్ గూటికి చేర్చాల్సి వచ్చింది. ఇంత అవస్థలో అంచు మీది గుడ్డును ఎవరు వదిలేస్తారు?

పాలపిట్ట:
మొదట్లో సంగతి సరే. 1987, 88లో కూడా నెట్టాలా? అంచు గుడ్డు పెట్టిన తల్లి కూతుళ్ళను కాలి రింగుల రంగు చూసి గుర్తుపట్టొచ్చు. వాటి గుడ్లు మాత్రం వదిలేస్తే సరిపోయేది.

శేషు_జన్యు:
సరిపోదు. గుడ్డును అంచు మీద పెట్టించే అల్లీల్ (జన్యువు రూపాల్లో ఒకటి) డామినెంట్ అని ఆ పరిశోధనే చెప్పింది. ఒక్క నకలున్నా ఆడదానిలో బయటపడుతుంది, మగదానిలో పడదు, మగది గుడ్డు పెట్టదు కాబట్టి. రింగు చూసి కూతుళ్ళను ఆపుతారు, కొడుకులు మోసుకెళ్ళేదాన్ని ఎలా ఆపుతారు? అయితే డామినెంట్ కావడం ఒక రకంగా మేలే. రిసెసివ్ (రెండు నకళ్ళుంటేనే బయటపడేది) అయితే తరాల తరబడి దాక్కునేది. ఇది ఆడదానిలో దాక్కోలేదు కనుక నెట్టడం మానేశాక ప్రకృతే ఏరేసింది: 2011 నాటికి అంచు గుడ్లు 9 శాతానికి దిగాయి.

పాలపిట్ట:
అంటే ముందే మానేసి ఉంటే అంత పెరిగేది కాదనేగా మీరూ అంటున్నది?

శేషు_జన్యు:
అవును, అది ఒప్పుకుంటా. కానీ అది జన్యులోపమని అప్పట్లో తేల్చే దారేది? అన్నీ ఒకే జంట పిల్లలు. తల్లినుంచి వచ్చిందా, గూడు ఇరుకై అలా పెట్టిందా అని విడదీయాలంటే ఏళ్ళ తరబడి ప్రతి గూటి వివరమూ కావాలి. ఆ వివరాలు రాసిపెట్టింది కూడా మెర్టన్ బృందమే. అవి లేకపోతే 2013 పత్రమే లేదు.

కోస్తాగాలి:
అసలు తగాదా గుడ్ల మీద కాదు, ఎప్పుడు చెయ్యి తీసేయాలన్న దాని మీద. 1990లో మానేశారు. రెండేళ్ళు ముందా వెనకా అన్నది ఇప్పుడు కూర్చుని చెప్పడం తేలిక.

పాలపిట్ట:
తేలికే. న్యూజీలాండ్‌లోనే అంతరించే దశకొచ్చిన చిలుక కాకాపోకి చేత్తో మేత పెట్టేవాళ్ళకీ ఈ ప్రశ్నే ఎదురవుతోంది, అందుకే అడిగా.