హజిస్టెఫానూ తీసినవి డాక్యుమెంటరీలా, కరపత్రాలా?

తెరచాప:
గ్రీకు పాత్రికేయుడు ఆరిస్ హజిస్టెఫానూ, కాతెరీనా కితీడితో కలిసి 2011లో తీసిన ‘డెటోక్రసీ’ని ఈ మధ్య మళ్ళీ చూశాను. ప్రేక్షకుల చందాలతో తీసి ఇంటర్నెట్‌లో ఉచితంగా వదిలిన ఆ చిత్రం, గ్రీసు 11,000 కోట్ల యూరోల తొలి సహాయ రుణానికి ఒప్పుకున్న మరుసటి ఏడాదే, దేశం నెత్తిన ఉన్న అప్పులో కొంత ప్రజలు తీర్చనక్కరలేనిదని వాదించింది. తర్వాత ప్రైవేటీకరణపై ‘కటాస్ట్రోయికా’ (2012) వచ్చింది. రెండింటిలోనూ ఆయన ఒక పక్షాన నిలబడే మాట్లాడారు. అవతలి పక్షానికి చోటివ్వని చిత్రాన్ని డాక్యుమెంటరీ అనవచ్చునా?

లెక్కల పుస్తకం:
అనవచ్చు, కానీ దాన్ని చూసి ఆర్థిక విధానం నిర్ణయించుకోకూడదు. ఆ చిత్రం ఉదాహరణగా చూపిన ఈక్వడార్ 2008లో అప్పును ఆడిట్ చేయించి, కొన్ని బాండ్లకు చెల్లింపు ఆపి, మరుసటి ఏడాది వాటిలో చాలావాటిని డాలరుకు సుమారు 35 సెంట్ల చొప్పున తిరిగి కొనుక్కున్న మాట నిజమే. అయితే ఆ దేశానికి చమురు రాబడి ఉంది. గ్రీసు బడ్జెట్ లోటు 2009లో జీడీపీలో 15 శాతం దాటింది. వడ్డీలన్నీ పక్కన పెట్టినా ఖర్చు రాబడిని మించేది కనుక, అప్పు తీర్చబోమన్న మర్నాడే జీతాలకూ పింఛన్లకూ మళ్ళీ ఎవరినో అడగవలసి వచ్చేది. ఈ ప్రశ్నకు ఎదురునిలిచి జవాబు చెప్పి ఉంటే చిత్రానికే బలం.

మాగాణి:
లెక్కల పుస్తకం గారూ, మీ ప్రశ్న న్యాయమైనదే. అయితే అవతలి పక్షమంటే అప్పుల షరతులు పెట్టిన ఐరోపా కేంద్ర బ్యాంకు, అంతర్జాతీయ ద్రవ్యనిధి. వాటి మాట వినిపించడానికి చందాల సినిమా కావాలా? ప్రజల సమ్మతీ మేలూ లేకుండా చేసిన అప్పును, అది తెలిసే ఇచ్చినవాడికి తీర్చనక్కరలేదన్న సిద్ధాంతాన్ని న్యాయశాస్త్రవేత్త అలెగ్జాండర్ సాక్ 1927లోనే రాశారు. దాన్ని న్యాయగ్రంథాల నుంచి మామూలు జనం నోటికి తెచ్చింది ఇలాంటి సినిమాలే. ‘డెటోక్రసీ’లో మాట్లాడిన, అప్పుల రద్దు కోసం ఉద్యమించే ఎరిక్ టూసాన్, 2015లో గ్రీకు పార్లమెంటు స్పీకర్ వేసిన రుణ సత్యశోధన కమిటీకి శాస్త్రీయ సమన్వయకర్త అయ్యారు. సినిమా వల్లే అయ్యారని నేను అనను.

పాతరీలు:
గ్రీకు దర్శకుడు ఫిలిప్పోస్ కుట్సాఫ్టిస్ తీసిన డాక్యుమెంటరీ ‘అగెలాస్తోస్ పేత్రా’ (2000) కూడా చూడండి. ప్రాచీన దేవాలయ శిథిలాల చుట్టూ చమురుశుద్ధి కర్మాగారాలు పెరిగిన ఎలెఫ్సీనా అనే గ్రీకు ఊళ్ళో పదేళ్ళకు పైగా కెమెరాతో తిరిగి తీసిన ఆ చిత్రం ఎవరి మీదా నేరం మోపదు. అయినా ఆ ఊరు పోగొట్టుకున్నదేమిటో చూసినవారికి తెలుస్తుంది. నా ఓటు దానికే.

మాగాణి:
బాండ్ల గడువు ముంచుకొస్తుంటే పదేళ్ళు ఆగడం కుదరదు కదండీ!

లెక్కల పుస్తకం:
అది ఒప్పుకుంటాను. 2015 జూన్ చివర గ్రీసులో బ్యాంకులు మూసి, ఏటీఎంలో రోజుకు 60 యూరోలే ఇచ్చారు. జూలై 5 ప్రజాభిప్రాయ సేకరణలో 61 శాతం మంది రుణదాతల షరతులు వద్దన్నా ప్రభుత్వం మూడో రుణానికి తలవంచింది. హజిస్టెఫానూ 2016లో ‘దిస్ ఈజ్ నాట్ ఎ కూ’ (ఇది కుట్ర కాదు) చిత్రంలో ఐరోపా కేంద్ర బ్యాంకు అధికారాన్ని ప్రశ్నించారు. నేనడిగిన డబ్బు ఎవరి చేతిలో ఉందో అందులో చూపించారు. ఆ చెయ్యి బిగిస్తే ఏం చేయాలో మాత్రం ‘డెటోక్రసీ’ నాడే చెప్పవలసింది.