రెజినాల్డ్ టేట్ వేసిన "క్వాటర్‌మాస్" మిగతా నాలుగు భాగాలు ఎక్కడైనా ఉన్నాయా?

లీడ్స్‌వాసి:
మొన్న శనివారం బీబీసీ వాళ్ల 1953 నాటి సైన్స్ ఫిక్షన్ టీవీ సీరియల్ "ద క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్" ఆరు భాగాల్లో మొదటి రెండూ వరసగా చూశాను. ముగ్గురిని రాకెట్లో అంతరిక్షంలోకి పంపే ప్రొఫెసర్ క్వాటర్‌మాస్‌గా వేసిన రెజినాల్డ్ టేట్ ఇంకా కళ్ల ముందే ఉన్నారు. ఆయన పుట్టింది మా ఊరికి దగ్గర్లోని గార్ఫోర్త్‌లోనేనట, కానీ మా ఆఫీసులో ఎవర్ని అడిగినా ఆ పేరే వినలేదన్నారు. మిగతా నాలుగు భాగాలు దొరికే చోటుందా? 1955 నాటి రెండో క్వాటర్‌మాస్ సీరియల్లో ఆయన ఎందుకు లేరు?

పాతతెర:
లేవండీ. పోగొట్టుకోవడానికి అసలు రికార్డే చేయలేదు. అలెగ్జాండ్రా ప్యాలెస్ స్టూడియోలో ఆరు శనివారాలు, జులై 18 నుంచి ఆగస్టు 22 దాకా, లైవ్‌గా ఆడారు. దాచుకోవాలంటే అప్పట్లో మానిటర్‌కి ఎదురుగా ఫిల్మ్ కెమెరా పెట్టి తీయాలి. రెండు భాగాలు అలా తీసి, బొమ్మ బాగా రాలేదని ఆపేశారు. రెండో భాగంలో ఒక పురుగు కనిపించిందా? అది సెట్లోది కాదు, తీస్తుండగా వచ్చి ఆ మానిటర్ మీద వాలింది.

నాకు దిగులల్లా ఆరో భాగం గురించే. లండన్‌లోని వెస్ట్‌మిన్‌స్టర్ అబ్బే చర్చిలో ఎలిజబెత్ రాణి పట్టాభిషేకం జరిగి మూడు నెలలైనా కాలేదు. అదే అబ్బేలో, రాకెట్లో వెళ్లిన ముగ్గురినీ తనలో కలిపేసుకున్న జీవి పాకుతోంది. క్వాటర్‌మాస్ దాని ముందు నిలబడి, లోపల ఇంకా మిగిలున్న ఆ ముగ్గురితో మాట్లాడి, ఆ జీవికి ఎదురుతిరిగి దాన్ని నాశనం చేసేలా వాళ్లని ఒప్పించాలి. తెర మీద ఆ జీవిని దేంతో చేశారనుకుంటున్నారు? అబ్బే ఫోటోని పెద్దది చేయించి, దానికి కంతలు పెట్టి, రచయిత నైజెల్ నీల్, ఆయనకి కాబోయే భార్య జూడిత్ కెర్ చేతులు దూర్చారు. ఆ చేతులకి ఆకులూ అలములూ అంటించిన గ్లవ్స్. టేట్‌కి అప్పుడు 56 ఏళ్లు. మాట తడబడితే రెండో టేకు లేదు. దాదాపు 50 లక్షల మంది చూశారు. ఆ స్క్రిప్టు నేను ఎన్నిసార్లు చదివానో! చదివిన ప్రతిసారీ ఆ మాటలు ఆయన గొంతులో ఎలా ఉండేవోనని మొదటి రెండు భాగాలు మళ్లీ పెట్టుకుంటాను.

ఇక రెండో సీరియల్. అందులోనూ ఆయనే చేయాల్సింది. 1955 ఆగస్టు 23న గుండెపోటుతో పోయారు, 58 ఏళ్లకే. అక్టోబరులో ప్రసారం కావాల్సి ఉండటంతో జాన్ రాబిన్సన్ హడావుడిగా వచ్చి చేశారు. టేట్ పోయిన మూడు రోజులకి, మొదటి కథతో హ్యామర్ అనే బ్రిటిష్ సినిమా కంపెనీ వాళ్లు తీసిన సినిమా లండన్‌లో విడుదలైంది. అందులో ప్రొఫెసర్‌గా బ్రయన్ డాన్‌లెవీ అనే అమెరికన్ నటుడు ఒకటే అరుపులు. ఆ పాత్ర నాకు టేట్‌దే.

నాటకాలబండి:
పాతతెర గారూ, ఒక మాట కలుపుతాను. 1937లోనే, బీబీసీ టెలివిజన్ మొదలై ఏడాదైన కొత్తలో, టేట్ "జర్నీస్ ఎండ్" నాటకంలో కెప్టెన్ స్టాన్‌హోప్‌గా వేశారు. మొదటి ప్రపంచ యుద్ధంలో పనిచేసిన మనిషి, ఆ యుద్ధపు కందకాల్లోనే నడిచే నాటకం ఆడటం ఎలా ఉండేదో! అదీ లైవే, అదీ మిగల్లేదు.

నేను పాతికేళ్లుగా స్టేజీ మీద ఉన్నాను. కెమెరా దగ్గరికొస్తే మా బోటివాళ్లకి గొంతు తగ్గించడం చచ్చేంత కష్టం. మొదటి భాగంలో రాకెట్ వింబుల్డన్‌లో ఇంటి మీద కూలాక టేట్‌ని గమనించండి. తను పంపిన ముగ్గురూ ఏమయ్యారోనన్న భయమంతా కళ్లలోనే ఉంటుంది, గొంతులోకి రానివ్వరు. ఆ ఇంట్లో పిల్లి గల ముసలావిడ కేటీ జాన్సన్ కూడా నాకు భలే ఇష్టం.

లీడ్స్‌వాసి:
ఇద్దరికీ థాంక్సండీ. పురుగుని చూశాను, మా టీవీ మీదే అనుకుని తుడిచాను కూడా. ఆయన్ని ఇంకెక్కడైనా చూడొచ్చా?

పాతతెర:
"కల్నల్ బ్లింప్" (1943) సినిమాలో వాన్ జిల్. కథానాయకుడు వెళ్లిపోయాక జర్మన్ ఖైదీల్ని ప్రశ్నించే దక్షిణాఫ్రికా అధికారి. చిన్న వేషమే, కానీ అక్కడ ఆయన్ని చూస్తే ఒళ్లు జలదరిస్తుంది. 1952లో డిస్నీ తీసిన రాబిన్ హుడ్ సినిమాలో రాబిన్ తండ్రి కూడా ఆయనే. బ్లింప్ ముందు చూడండి.