జీతాల వ్యాజ్యాల్లో మధ్యంతర ఉత్తర్వు మీద అప్పీలు సబబేనా?

పాలకొల్లు నుంచి ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు:

జీతం ఎక్కువగా నిర్ణయించామంటూ శాఖ పాత సొమ్మును రికవరీ చేయబోతే, హైకోర్టు సింగిల్ జడ్జి దాన్ని తాత్కాలికంగా ఆపినప్పుడు, అసలు రిట్ పిటిషన్‌లో కౌంటరైనా (రాతపూర్వక జవాబైనా) వేయకుండా ఆ మధ్యంతర ఉత్తర్వు మీద ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్‌కు అప్పీలుకు వెళ్లడం సబబేనా? కాదని నా నిశ్చితాభిప్రాయం.

మా తమ్ముడు ఒక కార్యాలయంలో అటెండరు. పదవీ విరమణకు పది నెలల ముందు అతని పే స్లిప్పులో రికవరీ అన్న గడిలో ఆరు వేలు పడింది. ఇంక్రిమెంటు లెక్క కట్టిందీ, దాని మీద సంతకం పెట్టిందీ కార్యాలయమే. పద్నాలుగేళ్ల తర్వాత తప్పు దొరికిందని కోసింది మాత్రం అతని జీతం. స్టే వచ్చిన నెల పూర్తి జీతం అందింది. శాఖ అప్పీలు వేసి ఆ స్టే అమలును ఆపించాక కోత మళ్లీ మొదలైంది.

గ్రూప్ సి, గ్రూప్ డి అనే కింది స్థాయి ఉద్యోగుల నుంచీ, ఏడాదిలోగా విరమణ చేయబోయేవారి నుంచీ ఇలాంటి రికవరీ చెల్లదని సుప్రీంకోర్టు 2014 డిసెంబరు 18న రఫీక్ మసీహ్ కేసులో చెప్పింది. తన మాట వినకుండానే స్టే ఇచ్చారని శాఖ అనుకుంటే, రాజ్యాంగం 226(3) అధికరణం కింద దాన్ని తొలగించమని హైకోర్టునే అడగవచ్చు. ఆ దరఖాస్తును రెండు వారాల్లో తేల్చాలని రాజ్యాంగమే గడువు పెట్టింది.

అమలాపురం నుంచి ఒక న్యాయవాది:

మాస్టారూ, రికవరీని ఆపిన ఉత్తర్వు వరకు మీ మాట నిజమే. అయితే కేసు తేలకముందే పెంచిన జీతపు స్కేలు ఇవ్వమనే ఉత్తర్వు అలాంటిది కాదు. అడిగిన తుది ఫలితమే ముందుగా చేతికి వచ్చినట్లవుతుంది. పక్షాల హక్కులను ముఖ్యంగా ప్రభావితం చేసే మధ్యంతర ఉత్తర్వు కూడా అప్పీలుకు తగిన తీర్పేనని 1981లో షా బాబూలాల్ ఖిమ్జీ కేసు నుంచీ నిలిచిన మాట. అప్పీలు దారిని పూర్తిగా మూసేస్తే ఖజానా నుంచి వెళ్లిన సొమ్ము తిరిగి రావడం కష్టం. అందుకే తిరిగి చెల్లిస్తామన్న హామీపత్రం తీసుకుని జీతం ఇవ్వమనడం మేలు. అలాంటి హామీ ఇచ్చినవారు దానికి కట్టుబడాలని 2016లో జగదేవ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది కూడా. ఇంకొకటి, అప్పీలు వేసినంత మాత్రాన స్టే వచ్చినట్లు కాదు; పై కోర్టు ఆపేదాకా కింది ఉత్తర్వును అమలు చేయాల్సిందే. చాలా కార్యాలయాలు ఇది మరచి కోర్టు ధిక్కార పిటిషన్ కొనితెచ్చుకుంటాయి.

పాలకొల్లు ఉపాధ్యాయుడు:

హామీపత్రానికి నాకు అభ్యంతరం లేదండీ. కానీ రెండు పక్షాల నష్టాన్ని ఒకే తూకంలో వేయకండి. మన రాష్ట్రంలో 2020 మార్చి, ఏప్రిల్ జీతాలను కొంత వాయిదా వేసిన వ్యవహారంలో, హైకోర్టు వేసిన 12 శాతం వడ్డీని సుప్రీంకోర్టు 2021 ఫిబ్రవరిలో 6 శాతానికి తగ్గించినా, చేసిన సేవకు జీతం ఉద్యోగి హక్కేనని స్పష్టం చేసింది. ఆలస్యమైతే ప్రభుత్వానికి పోయేది వడ్డీ. కోత పడిన నెల మా తమ్ముడికి సహకార సంఘం అప్పు వాయిదా కూడా పోగా చేతికి వచ్చింది పదకొండు వేలు. అందులోనే ఇంటి అద్దె, మా మరదలి మందులు.