అప్‌డేట్: 6 సెషన్లయినా మార్పు లేదు, థెరపీ మానేయాలా అని అడిగాను కదా

మానలేదు. "ఆ మాట థెరపిస్టుకే చెప్పండి" అని మీలో చాలామంది అన్నారు, చెప్పాను. ఆవిడ నొచ్చుకోలేదు. అప్పటి నుంచి ప్రతి సెషన్‌కు ముందు పీహెచ్‌క్యూ-9 అనే డిప్రెషన్ ప్రశ్నాపత్రం నింపిస్తున్నారు. 9 ప్రశ్నలు, ఒక్కోదానికి 0 నుంచి 3, మొత్తం 27. అంకె పెరిగేకొద్దీ డిప్రెషన్ ఎక్కువని. మొదట నాకు 17 వచ్చింది, నిన్న 11. 5 పాయింట్లు తగ్గినా చెప్పుకోదగ్గ మార్పేనట. నిద్ర ప్రశ్న దగ్గర మాత్రం పెన్ను ఇంకా 3 మీదే ఆగుతోంది. అందుకే ఆలోచనలు రాసే హోంవర్క్ కాస్త పక్కనపెట్టి, పడుకునే, లేచే వేళల మీద పని మొదలుపెట్టాం. అన్నిటికంటే, "ఇది నాకు పనిచేయడం లేదు" అని ఎదురుగా కూర్చుని చెప్పగలిగాను, అదే పెద్ద ఊరట. ఓపిగ్గా జవాబులిచ్చిన అందరికీ చాలా థాంక్స్.