'మెషిన్ హెడ్' హై-రెజ్ కొనాలా, సీడీ నాణ్యత ఫ్లాక్ (ఏమీ కోయకుండా కుదించిన ఫైలు) చాలా?

వంశధార (గుణుపురం):
రాక్ బృందం డీప్ పర్పుల్ ఆల్బమ్ 'మెషిన్ హెడ్' (1972) 24 బిట్ 192 కిలోహెర్ట్జ్ హై-రెజ్ (సీడీ కన్నా ఎక్కువ వివరంతో దాచిన) ఫైళ్లకు డబ్బు పోయడం దండగ. 1971 డిసెంబరులో స్విట్జర్లాండ్‌లోని మోంత్రూలో ఖాళీ హోటల్ నడవాలో పరుపులు అడ్డం పెట్టి, బయట ఆపిన లారీలోని 16 ట్రాకుల టేపు మీదికి ఎక్కించిన సంగీతం అది. ఆ కాలం టేపు రొదకూ పాటకూ మధ్య 70 డెసిబెళ్లు ఉంటే గొప్ప. సీడీ 16 బిట్లలో 96 పడతాయి. మిగతా 8 బిట్లూ టేపు బుసను ఇంకా శుభ్రంగా వినిపించడానికా?

రుషికుల్య (బరంపురం):
కాగితం మీద లెక్క బాగుంది మాస్టారూ. ఆ ఆల్బమ్‌లోని 'హైవే స్టార్' పాట రెండు ఫైళ్లూ పక్కపక్కన పెట్టి వినండి. హై-రెజ్‌లో రోజర్ గ్లోవర్ బేస్ గిటార్ విడిగా నిలబడుతుంది, ఆర్గన్ గిటార్‌లో కలిసిపోదు.

మహేంద్రగిరి (పర్లాకిమిడి):
తేడా వినబడిందంటే నమ్ముతాను. అది బిట్ల వల్లే అనడం దగ్గరే పేచీ. ఈ ఆల్బమ్‌కు 1997లో గ్లోవరే చేసిన రీమిక్స్ (ట్రాకులను మళ్లీ కలిపింది) ఉంది, వేర్వేరు రీమాస్టర్లూ (తుది టేపును మళ్లీ సవరించినవి) ఉన్నాయి. పాత సీడీ ఒకదాన్నీ కొత్త మాస్టర్ ఒకదాన్నీ పోల్చడమంటే రెండు వంటలు తిని గిన్నెలకు మార్కులు వేయడమే.

పరీక్ష ఇలా చేయాలి. మీ హై-రెజ్ ఫైలునే డితర్ (బిట్లు తగ్గించేటప్పుడు కలిపే సన్నని రొద) వేసి సీడీ స్థాయికి, అంటే 16 బిట్ 44.1 కిలోహెర్ట్జ్‌కి దించండి. ఆ నకలును తిరిగి 24/192కి పెంచండి. ఈ మెట్టు చాలామంది వదిలేస్తారు. వదిలేస్తే రేటు మారినప్పుడల్లా డాక్ (ఫైలును శబ్దంగా మార్చే పరికరం) 'టిక్'మని జవాబు ముందే చెప్పేస్తుంది. తర్వాత రెండింటి శబ్దమట్టం 0.1 డెసిబెల్ లోపు సమానం చేయాలి. అర డెసిబెల్ పెద్దగా మోగినా చెవి దాన్నే 'మేలు' అంటుంది. చివరికి ఫూబార్2000 అనే ప్లేయర్‌లో ఏబీఎక్స్ (ఏది ఏదో చెప్పకుండా వినిపించే పరీక్ష) పెట్టి 16 సార్లు వినండి. 12 సరైతే మాట్లాడుకుందాం. 8 అంటే బొమ్మా బొరుసే.

నాగావళి (రాయగడ):
మీ గొడవ సరే, సగంమంది బ్లూటూత్‌లో వింటున్నారు కదా! ఎస్‌బీసీ (బ్లూటూత్‌లో పాటను కుదించే మామూలు పద్ధతి) సుమారు 328 కేబీపీఎస్ (సెకనుకు కిలోబిట్లు), ఎల్‌డాక్ (మెరుగైన పద్ధతి) మహా అయితే 990. రెండూ పాటలో కొంత కోసే పంపుతాయి. ఘాట్ రోడ్డులో సిగ్నల్ పడిపోతే, 'ఆటో' మీదున్న పాటల యాప్ చప్పుడు చేయకుండా నాణ్యత దించేస్తుంది. ఇంట్లో వైఫై మీద దింపుకుని, తీగ ఇయర్‌ఫోన్‌తో వినండి.

రుషికుల్య:
అయితే 320 ఎంపీ3 చాలంటారా?

మహేంద్రగిరి:
వినడానికి దాదాపు చాలు. 128 అయితే హై-హ్యాట్ (డ్రమ్స్‌లోని తాళాల జత) నీళ్లలో మోగినట్టుంటుంది. ఫ్లాక్ దాచుకోవడానికి: రేపు ఏ ఫార్మాట్‌లోకి మార్చినా మూలం చెడదు. 37 నిమిషాల ఆల్బమ్‌కు 250 ఎంబీ అటూఇటూ, అంతే. కొన్న ఫైలును, స్వరాల పటం గీసే సాఫ్ట్‌వేర్ స్పెక్‌లో తెరిచి చూడండి. పై స్వరాలు వాలుగా తగ్గితే టేపు స్వభావం. 16 లేదా 20 కిలోహెర్ట్జ్ దగ్గర కత్తితో కోసినట్టు తెగితే, ఎంపీ3కే ఫ్లాక్ చొక్కా తొడిగారని అనుమానించాలి.

రుషికుల్య:
పరీక్షకు సిద్ధం. డితర్ ఆపేసి మార్చిన నకలు మాత్రం ఒప్పుకోను.

మహేంద్రగిరి:
డితర్ ఉంచే మార్చండి. ఫైలూ మీదే, మౌసూ మీదే.