నాగావళిలో నురుగు, ఒడిశా నుంచి వస్తే ఎవరికి చెప్పాలి?

మాది బూర్జ మండలంలో ఏటి ఒడ్డు ఊరు. రెండు వారాలుగా పొద్దున్నే నీళ్ల మీద గోధుమరంగు నురుగు తేలుతోంది, ఒడ్డున గడ్డికి పట్టుకుని ఎండాక జిడ్డు మరకలా మిగులుతోంది. ఇసుకలో చెలమ తీసినా నానిన చొప్ప వాసనే. ఆఫీసులో చెబితే "అది పైనుంచి వస్తోంది, ఒడిశాది, మా చేతిలో లేదు" అని పంపేశారు. వంశధారకి వేసినట్టు దీనికీ ట్రిబ్యునల్ వేయించాలంటాడు మా చిన్నాన్న. అవుతుందా?

జవాబు 1
ట్రిబ్యునల్ మాట మర్చిపోండి మాస్టారూ. 1956 అంతర్రాష్ట్ర నదీ జలాల వివాదాల చట్టం కింద రాష్ట్ర ప్రభుత్వమే అడగాలి, మనం అడిగితే చెల్లదు. వంశధారది 2010లో వేస్తే తుది తీర్పు 2017లో వచ్చింది, అదీ నేరడి బ్యారేజీ, నీళ్ల వాటాల గొడవ. మీకు పనికొచ్చేది 1974 నీటి కాలుష్య చట్టం. మన పొల్యూషన్ బోర్డు ఒడిశాలో అడుగుపెట్టలేదు, నిజమే, కానీ రెండు రాష్ట్రాల బోర్డుల తగువు తీర్చాల్సింది కేంద్ర బోర్డు, 16వ సెక్షన్లోనే ఉంది. పర్యావరణ కేసులు చూసే గ్రీన్ ట్రిబ్యునల్ వేరే ఉంది, దానికి మీరే వెళ్లొచ్చు, కాకపోతే ఆరు నెలల గడువు చూసుకోండి.

జవాబు 2
ముందు అది ఒడిశాదే అని ఎవరు తేల్చారు? సంగాం దగ్గర సువర్ణముఖి, వేగావతి ఏర్లు నాగావళిలో కలుస్తున్నాయి కదా, అవి మనవైపు మురుగు తేవా? సరిహద్దులోని ఉరుగ్వే నది ఒడ్డున ఉరుగ్వే దేశం కాగితపు గుజ్జు మిల్లు పెట్టనిచ్చిందని పక్కదేశం అర్జెంటీనా 2006లో అంతర్జాతీయ కోర్టుకెక్కింది. 2010 తీర్పులో ముందుగా చెప్పకపోవడం ఉరుగ్వే తప్పేనన్నారు గానీ, మిల్లు వల్లే నీళ్లు పాడయ్యాయని రుజువు కాలేదన్నారు. మిల్లు ఆగలేదు. రెండు దేశాలకే అలా అయింది! అందుకే ఒకే రోజు తోటపల్లి బ్యారేజీ పైన, సంగాం పైన, సంగాం కింద, మీ రేవులో బోర్డు వాళ్ల చేతే నీళ్లు పట్టించండి. మీరు సీసాలో పట్టి మర్నాడు ఇస్తే నీళ్లలో కరిగిన ఆక్సిజన్ లెక్క తప్పుతుంది.

అడిగినవారు
నిన్న తోటపల్లి వెళ్లొచ్చాను. గేట్ల కింద నురుగు ఉంది, కాకపోతే తెల్లగా, దోసిట్లోకి తీసుకుంటే నిమిషంలో పోయింది. మా రేవులోది పోదు, వేళ్లకి అంటుకుంటుంది. చిన్నాన్నకి ఇంకా చెప్పలేదు. ఆదివారం సంగాం వెళ్తాను, ఫోటోలు పెడతా.